డబ్బాలో మూడు మొక్కలు

ఫణీంద్రకి కుదురు లేదు. కూర్చుంటే కాలు ఊపుతాడు, నిలబడితే వేళ్లు విరుచుకుంటాడు, అన్నం తింటూ తర్వాత చేయాల్సిన పని గురించి మాట్లాడతాడు. ఆ రోజు మరీను. పొద్దున ఏడు కాకముందే చేతిలో ఒక పెద్ద కవరు పట్టుకుని విశ్వంభరం మాస్టారి గుమ్మంలో నిలబడ్డాడు.

"మాస్టారూ, సంతకం కావాలి. తొమ్మిదింటికి పోస్టాఫీసు తెరుస్తారు."

"లోపలికి రా. ముందు వాటికి నీళ్లు పొయ్యి" అన్నారు మాస్టారు.

వాటికి అంటే కిటికీలో ఉన్న పాత పాలపొడి డబ్బాకి. అందులో జానెడు ఎత్తున మూడు మొక్కలున్నాయి. ఏడు నెలలుగా మాస్టారు రోజూ ఈ మాట చెబుతూనే ఉన్నారు. ఫణీంద్ర రోజూ విసుక్కుంటూనే ఉన్నాడు. ఆ పూట కూడా విననట్టు కవరు విప్పాడు. మాస్టారే లేచి చెంబుతో నీళ్లు పోశారు.

ఆయనకి డెబ్బై నాలుగేళ్లు. తెనాలి నుంచి ఎప్పుడో వృక్షశాస్త్రం చెప్పడానికి తమిళదేశం వచ్చి, అగస్త్యమలై కొండల కింద ఈ చిన్న ఊళ్లో ఉండిపోయారు. ఉద్యోగం అయిపోయినా కొండలు అయిపోలేదు అంటారు. ముందు గదిలో మూడు చెక్క బీరువాలు, వాటి నిండా ఎండబెట్టి కాగితాల మీద దారంతో కుట్టిన కొమ్మలు. గుమ్మం దాటితే చాలు, కలరా ఉండల వాసన ముక్కుకి తగులుతుంది. చెట్లని చూసి ఏది ఏ జాతో తేల్చే విద్య నేర్చుకోవాలనుకున్నవాళ్లు ఆయన్ని వెతుక్కుంటూ వస్తారు. ఆయన రమ్మనరు, వచ్చినవాళ్లని పొమ్మనరు.

మొదటి రోజున ప్రతి శిష్యుడికీ ఒక ఆకు ఇస్తారు. దళసరిగా, నున్నగా, అచ్చం నేరేడాకులా ఉంటుంది. "ఇది ఏ కుటుంబంలో చేరుతుంది?" అని అడుగుతారు. ఎవరైనా నేరేడు దగ్గరో మామిడి దగ్గరో వెతికి, రెండు రోజులు పుస్తకాలు తిరగేసి తల పట్టుకుంటారు. చింతపల్లి నుంచి వచ్చిన ఫణీంద్ర ఒక్కడే ఆ ఆకుని కిటికీ వెలుగుకి ఎత్తి పట్టుకున్నాడు. దానికి నడి ఈనె లేదు. సన్నటి ఈనెలు పక్కపక్కనే తొడిమ నుంచి కొసదాకా సాగిపోయాయి.

"ఇది నేరేడు కాదు సార్. శంకువృక్షం. పైన్ చెట్టుకి చుట్టం" అన్నాడు, నిమిషంలో.

మాస్టారు తల ఊపారు, అంతే. ఆ ఒక్క ఊపుని ఫణీంద్ర మూడేళ్లుగా పతకంలా మెడలో వేసుకుని తిరుగుతున్నాడు.

ఆ చెట్టుని అక్కడివాళ్లు నిరంబాలి అంటారు. శంకువృక్షం అనగానే మనకి హిమాలయాలు, మంచు, సూదుల్లాంటి ఆకులు గుర్తొస్తాయి. ఇది ఆ తరహా కాదు. దీని బంధుత్వం చాలావరకు భూమికి దక్షిణపు సగంలో ఉంది. న్యూజిలాండ్‌లో, టాస్మేనియాలో, ఆఫ్రికా కొండల్లో, దక్షిణ అమెరికా కొసన ఉన్న వానల అడవుల్లో. అక్కడి నుంచి ఇంత దూరం వచ్చి ఈ కొండల మీద ఏడాది పొడుగునా పచ్చగా నిలబడిన చుట్టం ఇది. దక్షిణ భారతంలో తనంతట తాను మొలిచే శంకువృక్షం ఇదొక్కటే. దీనికి శంకువు కూడా పేరుకే, కొమ్మ కొసన గుండ్రటి గింజ ఒకటి వేలాడుతుంది. బొప్పాయికి ఉన్నట్టే మగచెట్టు వేరు, ఆడచెట్టు వేరు.

ఇక ఫణీంద్ర కవరు సంగతి. కిందటి మార్చిలో కొండ శిఖరానికి అవతలి వైపు అతనికి ఒక మగచెట్టు కనపడింది. ఆకులు పుస్తకంలో చెప్పినదానికి రెండింతలు పొడుగు. పుప్పొడి కంకులు గుత్తులు గుత్తులుగా ఉన్నాయి. బెరడు వేరే తీరుగా రేకులు లేస్తోంది. ఆగస్టు వానల్లో మళ్లీ వెళ్లి శిఖరానికి ఇవతల, వాగు లోయలో, మామూలు నిరంబాలి ఆడచెట్ల కింద గింజలు ఏరుకుని, ఒక కొమ్మ కూడా కోసుకొచ్చాడు. రెండు కొమ్మలూ బల్ల మీద పక్కపక్కన పెట్టి చూసుకున్నాడు.  ఇది వేరే జాతి. లోకానికి తెలియని జాతి. దక్షిణాదిన శంకువృక్షం ఒక్కటి కాదు, రెండు.

"చదువు" అన్నారు మాస్టారు, కుర్చీలో వెనక్కి వాలి.

ఫణీంద్ర చదివాడు. కాలు ఊగుతూనే ఉంది. బల్ల మీద సిరాబుడ్డి కూడా దానితో పాటు ఊగుతోంది. నాలుగో పేజీ దగ్గర మాస్టారు చెయ్యెత్తారు.

"ఆ వాక్యం మళ్లీ చదువు."

"'ఈ లోయలోనూ చుట్టుపక్కల కొండల మీదా నిరంబాలి ఆడచెట్లు అయిదున్నాయి, మగచెట్టు ఒక్కటీ లేదు. పైన వర్ణించిన కొత్త జాతి మగచెట్టు మాత్రమే ఉంది.'"

"సరిగ్గా వెతికావా?"

"రెండేళ్లు వెతికాను మాస్టారూ. జలగలు తాగిన రక్తానికి లెక్కలేదు. ఇంకో మగచెట్టు లేదు, గ్యారంటీ."

"గ్యారంటీ" అన్నారు మాస్టారు నెమ్మదిగా, ఆ మాట రుచి చూస్తున్నట్టు. "పేరేం పెట్టావు?"

ఫణీంద్ర ముఖం వెలిగింది. ఈ ప్రశ్న కోసమే కాచుకుని ఉన్నాడు. "మీ పేరే మాస్టారూ."

"నా పేరా? అది రేషన్ కార్డులో తప్పు పడింది, కరెంటు బిల్లులో తప్పు పడింది. ఇప్పుడు చెట్టు మీద కూడానా?"

ఫణీంద్రకి నవ్వు రాలేదు. అతని ఫెలోషిప్ ఏప్రిల్ ఆఖరుకి అయిపోతుంది. ఈలోగా పేపరు వెళితే పొడిగిస్తారు, డాక్టరేటు చేతికొస్తుంది. లేకపోతే మూడేళ్ల తిరుగుడు వదిలేసి, పెట్టె సర్దుకుని చింతపల్లి పోవాలి. పైగా వేరే యూనివర్సిటీ వాళ్లు వచ్చే వారం అదే కొండ ఎక్కుతున్నారని కబురు వచ్చింది. వాళ్లలో ఒక్కడికి కళ్లుంటే చాలు, తన చెట్టు తనది కాకుండా పోతుంది. ఈ ఆలోచనతో అతనికి వారం రోజులుగా తిన్నది ఒంటబట్టడం లేదు.

"మాస్టారూ, సంతకం."

మాస్టారు కళ్లజోడు తీసి పంచె కొసతో తుడుచుకున్నారు.

"ఆ రెండు చెట్లనీ ఒకే పూట చూశావా?"

"ఒకే పూటా? ఎందుకు? కొమ్మలు రెండూ ఇక్కడే ఉన్నాయిగా!"

"కొమ్మలు కాదయ్యా, చెట్లు."

ఫణీంద్ర వేళ్లు విరుచుకున్నాడు. అది మార్చిలో చూశాడు, ఇది ఆగస్టులో చూశాడు. మధ్యలో శిఖరం, దాని చుట్టూ వేరే వేరే దార్లు. ఒకదాన్ని చూసి రెండోదాని దగ్గరికి అదే రోజు వెళ్లాలని అతనికి ఎప్పుడూ తోచలేదు.

"రేపు వెళదాం పద. ఇది మార్చే కదా" అన్నారు మాస్టారు.

"మీరా? ఆ కొండా?"

"నేనే. మోకాళ్లు రెండూ వద్దంటున్నాయి కానీ వాటి మాట ఎవరు వింటారు!"

ఫణీంద్రకి లోలోపల మండిపోయింది. ముసలాయనకి అసూయగా ఉందేమో అని కూడా అనుకున్నాడు. అనుకున్నందుకు సిగ్గుపడ్డాడు, అయినా అనుకోవడం మానలేదు.

మర్నాడు ఫారెస్టు వాచర్ పేచిముత్తుని తోడు తీసుకుని కొండ ఎక్కారు. ఫణీంద్ర వంద అడుగులు ముందుకు పోయి, మళ్లీ వెనక్కి వచ్చి, "ఇంకెంతసేపు మాస్టారూ" అనేవాడు. మాస్టారు కర్ర పోటు వేసుకుంటూ, ప్రతి మలుపులోనూ ఏదో ఒక చెట్టుని పలకరిస్తూ నడిచారు. మూడు గంటల దారి ఆరు గంటలు పట్టింది. శిఖరం దగ్గర వాచర్ల గుడిసెలో ఆ రాత్రి పడుకున్నారు.

తెల్లవారగానే ముందు అవతలి వైపుకి, ఫణీంద్ర చెట్టు దగ్గరికి వెళ్లారు. చెట్టు నిండుగా పూతలో ఉంది. ఫణీంద్ర గబగబా చెప్పడం మొదలుపెట్టాడు. ఈ ఆకు చూడండి, ఈ కంకి చూడండి, ఈ బెరడు చూడండి.

మాస్టారు కర్రతో వంగిన కొమ్మని ఒకసారి తట్టారు.

పసుప్పచ్చటి పొడి గుప్పున లేచింది. గాలి దాన్ని ఎత్తుకుంది. పొడి ఒక క్షణం వాళ్ల తలల మీద ఆగి, శిఖరం దాటి, ఇవతలి లోయలోకి జారిపోయింది. మాస్టారు అది పోయినవైపే చూస్తూ నిలబడ్డారు. తర్వాత "పద" అన్నారు.

అంతేనా అనుకున్నాడు ఫణీంద్ర. ఒక్క ఆకు కూడా కొలవలేదు ఈయన.

శిఖరం దాటి లోయలోకి దిగేసరికి గంట పట్టింది. ఇంకా ఎండ చెట్ల మధ్యకి రాలేదు. వాగు పక్కన ఆడచెట్టు కొమ్మ ఒకటి చేతికందేలా ఉంది. దాని లేత రెమ్మ కొసన చిన్న పిందె, మిరియపు గింజలో సగం కూడా లేదు. మాస్టారు జేబులోంచి తన భూతద్దం తీసి ఇచ్చారు.

"చూడు."

ఫణీంద్ర వంగాడు. "ఏం లేదు మాస్టారూ. పిందె."

"ఊపిరి వదులుతున్నావు. రెమ్మ కదులుతోంది."

ఊపిరి బిగపట్టి మళ్లీ వంగాడు. ఈసారి కాలు కదిలింది. మళ్లీ వంగాడు. చెయ్యి వణికింది. "రెండో చెయ్యి కొమ్మకి ఆనించు" అన్నారు మాస్టారు. ఫణీంద్ర ఆనించాడు. మోకాలు నేలకి దించాడు. జలగ ఒకటి చీలమండ మీదికి పాకుతోందని తెలుస్తూనే ఉంది, అయినా వదిలేశాడు.

అప్పుడు కనపడింది. పిందె అడుగున, సూది మొన మీద నిలిచేంత చిన్న నీటిచుక్క ఉంది. పుస్తకంలో చదివాడు దాని గురించి. పుప్పొడి కోసం పిందె బయటపెట్టే చుక్క అది. పొద్దున్నే వస్తుంది, ఎండెక్కితే ఉండదు. చుక్క మీద నాలుగు పసుప్పచ్చటి రేణువులు తేలుతున్నాయి.

ఎంతసేపు చూశాడో తెలియదు. వెనక పేచిముత్తు బీడీ వెలిగించుకోవడం, తాగేసి ఆర్పెయ్యడం వినపడింది. చుక్క నెమ్మదిగా చిన్నదైంది. లోపలికి వెళ్లిపోతోంది. రేణువులు కూడా దానితో పాటు లోపలికి వెళ్లాయి. చివరికి పొడి పిందె మిగిలింది.

ఫణీంద్ర లేచి నిలబడ్డాడు. మూడేళ్లలో అతను అంతసేపు కదలకుండా ఉన్నది అదే మొదటిసారి. మాస్టారు భూతద్దం తీసుకుని జేబులో వేసుకున్నారు.

కొండ దిగుతున్నంతసేపూ ఫణీంద్ర తనతో తాను పోట్లాడుతూనే ఉన్నాడు. సగం దారిలో ఆ పోట్లాట బయటికి వచ్చింది.

"గాలికి ఏ చెట్టు పుప్పొడైనా ఎక్కడైనా పడుతుంది మాస్టారూ. పడితే ఏమైంది? వేరే జాతి పుప్పొడి లోపలికి పోయినా గింజ కట్టదు."

"అవును, కట్టదు" అన్నారు మాస్టారు.

"ఒకవేళ పైకి కట్టినట్టు కనిపించినా తాలుగింజే. మొలకెత్తదు."

"అవును, మొలకెత్తదు."

మాస్టారు రెండుసార్లు ఒప్పుకున్నారు. ఫణీంద్రకి హుషారు రావాలి. రాలేదు. ఎక్కడో ఏదో కెలుకుతోంది. ఏమిటో అందడం లేదు. తిన్నగా ఇంటికి పోయి సంతకం తీసుకుని పోస్టాఫీసుకి పరిగెత్తాలి, అంతే. నడక పెంచాడు. కాసేపటికి తనే మళ్లీ వెనక్కి వచ్చి మాస్టారి చెయ్యి పట్టుకుని దింపాడు.

ఇల్లు చేరేసరికి మధ్యాహ్నం దాటింది. మాస్టారు కాళ్లు కడుక్కుని, కుర్చీలో కూర్చుని, కలం మూత తీశారు.

"ఇలా ఇవ్వు. ఎక్కడ పెట్టాలి సంతకం?"

ఫణీంద్ర ఆశ్చర్యపోయాడు. ఇంత తేలిగ్గా ఇస్తారనుకోలేదు. గబగబా కవరులోంచి కాగితాలు తీశాడు. ఆఖరి పేజీ వెతుకుతుంటే మాస్టారు కలం ఎడమచేతిలోకి మార్చుకుని, కుడిచేత్తో పక్కనున్న చెంబు అందుకుని కిటికీలోని డబ్బాలో నీళ్లు పోశారు. రెండు రోజులు ఎండిన మట్టి చుయ్యిమంది.

ఆ చప్పుడుకి ఫణీంద్ర తలెత్తాడు.

మూడు మొక్కలు. నున్నటి ఆకులు, నడి ఈనె లేని ఆకులు. వాటిని ఏడు నెలలుగా చూస్తున్నాడు, ఒక్కసారీ చూడలేదు. ఆగస్టులో తను లోయలోంచి గింజలు తెచ్చినప్పుడు మాస్టారు "మూడు నాకివ్వు" అని అడిగి తీసుకున్నారు. ఆ గింజలే ఇవి. నిరంబాలి ఆడచెట్టు గింజలు.

తాలుగింజ మొలకెత్తదు. ఇవి మొలకెత్తాయి. అంటే వీటికి తండ్రి ఉన్నాడు. ఆ లోయకీ ఆ కొండలకీ మొత్తం కలిపి మగచెట్టు ఒక్కటే ఉంది, శిఖరం అవతల తను చూసినదే. రెండేళ్లు వెతికింది తనే. గ్యారంటీ ఇచ్చింది తనే. నాలుగో పేజీలో తన చేత్తోనే రాశాడు.

కాగితాలు చేతిలో ఉండిపోయాయి.  కొత్త జాతి పోయింది. డాక్టరేటు పోయింది. మాస్టారి పేరు పెట్టి ఆయన రుణం తీర్చుకుందామనుకున్నాడు, అదీ పోయింది. అన్నిటికంటే, మొదటి రోజున ఆకుని వెలుగుకి ఎత్తి చూసిన ఆ కుర్రాడు ఏమైపోయాడని బాధ వేసింది.

"ఎక్కడయ్యా?" అన్నారు మాస్టారు, కలం పట్టుకుని.

ఫణీంద్ర కాగితాలు వెనక్కి తీసుకున్నాడు. మడిచి కవరులో పెట్టి, కవరుని బీరువా మీద పడేశాడు.

"సూది ఎక్కడుంది మాస్టారూ?"

మాస్టారు కలానికి మూత పెట్టి, బల్ల సొరుగు లాగి సూదిదారాల డబ్బీ ముందుకు నెట్టారు. ఫణీంద్ర ఒక తెల్ల కాగితం పరిచాడు. తన మగచెట్టు ఎండుకొమ్మ ఎడమవైపు పెట్టాడు. లోయలోని ఆడచెట్టు ఎండుకొమ్మ కుడివైపు పెట్టాడు. మామూలుగా అయితే అతను కుట్లు గబగబా వేసి దారం తెంపేస్తాడు, మాస్టారు విప్పి మళ్లీ వేస్తారు. ఆ రోజు ఒక్కో కుట్టూ నెమ్మదిగా వేశాడు. రెండు కొమ్మలూ ఒకే కాగితం మీద కుదురుకున్నాయి. కింద పేరు రాసే చోట పుస్తకాల్లో ఉన్న పాత పేరే రాశాడు. దాని కింద, నీడపట్టున పెరిగిన మగచెట్టు కావడంతో ఆకులు రెండింతలు పొడుగున్నాయేమో చూడాలి అని సన్నగా రాసుకున్నాడు.

సాయంత్రం దాకా ఫణీంద్ర ఆ కాగితం ముందే కూర్చున్నాడు. బల్ల మీద సిరాబుడ్డి కదలకుండా ఉంది.

"వచ్చే వారం ఆ యూనివర్సిటీ వాళ్లు వస్తారు కదా" అన్నారు మాస్టారు చివరికి.

"నేనే దగ్గరుండి రెండు చెట్లూ చూపిస్తాను. ఒకే పూట." ఫణీంద్ర దారపు ముక్కలు ఏరి చెత్తబుట్టలో వేశాడు. "ఏప్రిల్ దాటితే నేను ఇంటికి పోవాలేమో మాస్టారూ."

మాస్టారు లేచి కిటికీ దగ్గరికి వెళ్లి, ఆ పాలపొడి డబ్బా తెచ్చి ఫణీంద్ర ముందు పెట్టారు.

"పోయేటప్పుడు ఇందులో ఒకటి పట్టుకెళ్లు. మీ చింతపల్లి చలికి బతుకుతుంది."

ఫణీంద్ర ఒక మొక్క ఆకుని రెండు వేళ్లతో మెల్లగా పట్టుకుని వెలుగుకి తిప్పాడు.

"ఇది మగదా, ఆడదా మాస్టారూ?" అడిగేశాక నాలుక కరుచుకున్నాడు, పూతకొస్తే గానీ అది తెలియదు.

మాస్టారు కుర్చీలో కూర్చుని కళ్లజోడు తీశారు.

"ఓ పాతికేళ్లు చూసి, నాకు ఉత్తరం రాయి."